హికోజి ఎందుకు నోరు విప్పలేదు

కొండమీది మఠంలో తెల్ల ఇసుకతోట ఉంది. అందులో హికోజి అడుగుజాడ ఒక్కటి కూడా మీకు కనబడదు. ఆ తోట చేసింది అతనే. చికుమా నదిలోంచి ఇసుక మోసుకొచ్చింది, రాళ్లు నిలబెట్టింది, వాటి పక్కన నాచు పెంచింది అతనే. రోజూ పొద్దున్నే దాన్ని పళ్లకర్రతో దువ్వి చారలు తీర్చేదీ అతనే. పని అయ్యాక మాత్రం గుమ్మం వైపు వీపు పెట్టి, వెనక్కి వెనక్కి నడుస్తూ, తన పాదం పడిన చోటల్లా తానే చెరుపుకుంటూ బయటపడాలి. నదిఒడ్డు మనిషి కాలిగుర్తు మీద ధ్యానంలో కూర్చునేవాళ్ల చూపు పడకూడదట.

"వెనకనడక బాగా అలవాటైపోయిందమ్మా. ఇప్పుడు ముందుకు నడిస్తేనే తట్టుకుని పడతాను" అని నవ్వేవాడు. ఆ నవ్వు నాకెప్పుడూ నచ్చలేదు.

నేను కొండ కింద గుడిసెలో ఉండే సన్యాసినిని. నా భర్త ఒక ప్రభువు కోసం యుద్ధానికి వెళ్లి తిరిగి రాలేదు. అప్పుడు తల గొరిగించుకున్నాను. మఠంలో చదువుకునే వీరుల కొడుకులకు బట్టలు కుట్టి బతుకుతున్నాను. ఆడదాన్ని కనుక ధ్యానమందిరం గడప దాటనివ్వరు. వరండా చివర చాప వేసుకుని వినొచ్చు. గడప బయట కూర్చునేవాళ్లకు చాలా వినబడతాయి.

హికోజి పుట్టింది నదిఒడ్డునే. వరదొస్తే కొట్టుకుపోయే నేల మీద తప్ప అతని కులంవాళ్లను ఇల్లు కట్టుకోనివ్వరు. తండ్రి చచ్చిన పశువుల తోలు ఒలిచేవాడు. మఠంలో సభకు పిలిచే పెద్ద నగారా తోలు ఆయన బిగించిందే. కుర్రవీరులు భుజాన వేసుకునే అమ్ములపొదుల తోలు హికోజి భార్య, ఇతో అనే ఆమె, నానబెట్టి గీకిందే. తోలు లోపలికి పోతుంది, మనిషి పోకూడదు. ఇదెక్కడి శుద్ధి అని నేను దోసెన్ స్వామిని ఒకసారి అడిగాను. మఠంలో నియమాలు చూసేది ఆయనే. "తోలుకు మనసు లేదు సన్యాసినమ్మా" అన్నాడాయన. ఆ మాటకు అర్థమేమిటో ఇప్పటికీ నాకు తెలియదు. ఆయనకు తెలుసా అన్నది కూడా అనుమానమే.

హికోజికి ఇంకో పని కూడా ఉంది. చదువుకునే కుర్రాళ్లకు పొద్దున ధ్యానం, తర్వాత అక్షరాలు, శాసనాలు. మధ్యాహ్నం నదిపక్క మైదానంలో విలువిద్య. తాడుతో పెద్ద వలయం పరుస్తారు. దాని మధ్యలో హికోజి కుక్కను పట్టుకుని నిలబడతాడు. అతను వదలగానే కుక్క పరుగెడుతుంది, గుర్రాల మీద కుర్రాళ్లు వెంటపడి బాణాలు వేస్తారు. బాణాల చివర ములికికి బదులు బోలు కొయ్యబుడిపె ఉంటుంది. తగిలితే కుక్క కుంటుతుంది గానీ చావదు. చావదు కాబట్టి హింస కాదని మఠం లెక్క. "బాణం వదిలేటప్పుడు 'నేను' అనేవాడు లేడు" అని దోసెన్ స్వామి వాళ్లకు చెబుతుంటాడు. వింటుంటే బాగానే ఉంటుంది. ఏ 'నేనూ' కొట్టకపోయినా ఆ సాయంత్రం కుక్క కాలికి పసరు కట్టేవాడు మాత్రం హికోజి అనే ఒక మనిషి.

కుక్కలకు పేర్లు పెట్టకూడదని దొరల ఆజ్ఞ. హికోజి పెట్టేవాడు. అన్నిటికంటే ముసలిదాని పేరు మమె, అంటే గింజ. గింజంత పిల్లగా ఉన్నప్పుడు ప్రవాహంలోంచి తీశాడట.

ఈ వసంతంలో ఒక ఉపవాసదినాన మమె చచ్చిపోయింది. ఉపవాసదినం అంటే ఈ సీమలో చేపకు కూడా గాలం వెయ్యరు. అలాంటి రోజున, మఠం మైదానంలో, నెత్తురు! మెడ కింద లోతైన గాయం. చుట్టూ వెతికితే బాణమూ లేదు, కత్తీ లేదు. చంపినవాడు విద్యార్థి అయితే అతణ్ని మఠం నుంచి వెళ్లగొట్టాలి, ఆ ఇంటి పేరు వీరుల మధ్య వినబడకుండా పోతుంది. అందుకేనేమో, కుక్క ఒళ్లు చల్లబడకముందే మైదానమంతా ఒకే మాట పాకింది: తోలోడి పనే. తోలు కోసం పొడిచేశాడు.

ఆ మాట మొదట అన్నదెవరు? నేను చాలామందిని అడిగాను. అందరూ ఇంకొకరి నోట విన్నామనే చెప్పారు.

మర్నాడు తొకిహారు నా గుడిసెకు వచ్చాడు. ఈ సీమ అధికారి కొడుకు, మీసం దిట్టంగా మొలిచిన పడుచువాడు. బట్టలు పంపడానికి అతనికి పనివాళ్లున్నారు. ఎన్నడూ తానుగా వచ్చినవాడు కాదు.

"ముసలమ్మా, ఈ అంగీ కుడిచేతి అంచు కత్తిరించేసి కొత్త గుడ్డ వెయ్యి."

"చిరగలేదు కదా నాయనా, కత్తిరించడమెందుకు?"

"సిరా పడింది."

అంచు ఉతికి ఉంది. ఉతికినా పోని మరక ఎర్రమట్టి రంగులో ఉంది. "ఈ సిరా ఏ ఊరిదో, ఎర్రగా ఉందే!" అన్నాను.

"నీకు చెప్పింది సూదిపని, చూపుపని కాదు" అన్నాడు. మళ్లీ వెంటనే మెత్తబడ్డాడు. "అన్నట్టు, నీ కప్పు కురుస్తోందట కదా? మనిషిని పంపి గడ్డి వేయించనా?"

నా కప్పు మూడేళ్లుగా కురుస్తోంది. అది ఇతగాడికి ఇవాళే ఎందుకు గుర్తొచ్చినట్టు? పైగా వంటశాలలో ఇంకో ముక్క విన్నాను. కుక్క చచ్చిన సాయంత్రం తొకిహారు అక్కడికెళ్లి గుప్పెడు ఉప్పు అడిగి పట్టుకెళ్లాడట. చావును తాకినవాళ్లు ఉప్పుతో చేతులు కడుక్కుంటారు. కుక్కను తాకనివాడికి ఉప్పెందుకు?

అంచు కత్తిరించాను, కొత్తది వేశాను. కత్తిరించిన ముక్క పారెయ్యలేదు. అంతమాత్రాన హికోజి మీద నా అనుమానం తీరిందనుకోకండి. అందరూ ఒకే మాట అంటుంటే ఎంతటివాళ్ల మనసైనా కాస్త అటు వాలుతుంది. సూటిగా అడిగేద్దామని నదిఒడ్డుకు వెళ్లాను.

ఇతో తోలు గీకుతోంది. నన్ను చూసి, "రండమ్మా, రండి! కాస్త దూరంగా కూర్చోండి. మా ఆయన రాక్షసుడట, మెడ చూస్తే ఆగలేడట!" అంది.

"ఊరుకోవే" అన్నాడు హికోజి.

"హికోజీ, నిజం చెప్పు. తోలు కోసం చేశావా?"

అతను నా మొహంలోకి చూశాడు. "మీరు కూడానా అమ్మా? మమె తోలా? ఒళ్లంతా గజ్జి, ముసలిది. దాని తోలుతో ఈగకు చెప్పులు కూడా కుట్టలేం." తర్వాత అటూ ఇటూ చూసి గొంతు తగ్గించాడు. "తొకిహారు దొర బాణాలు తగిలితే కుక్కను నిమిరినట్టుంటుందని తోటివాళ్లు ఏడిపించారు. ఆయనకు రోషమొచ్చింది. బుడిపె ఊడదీసి నిజం ములికి పెట్టాడు. వదలొద్దని నాకనిపించింది. జెండా ఊపారు, వదిలాను. ఆయనే గుర్రం దిగి బాణం లాక్కున్నాడు. అక్కడున్నవాళ్లంతా చూశారు."

"మరి నోరెందుకు మూసుకున్నావు?"

"దొరలతో మేము మాట్లాడకూడదు కదమ్మా. వాళ్లు అడగాలి. దోసెన్ స్వామి అడుగుతాడు. అడిగినప్పుడు ఎలా ఉండాలో నాకు తెలుసు."

"అలా ఉండటం కాదయ్యా, గట్టిగా చెప్పాలి" అంది ఇతో.

"ఏళ్లతరబడి కంచె అవతల ఇసుక దువ్వుతూ విన్నానే. నాకు తెలుసు" అన్నాడు. చెప్పే ధైర్యం వచ్చిందనుకున్నాను. పొరపడ్డాను.

పౌర్ణమి సభ వచ్చింది. మఠంలో పౌర్ణమికీ అమావాస్యకూ నియమాలు చదువుతారు. చదివాక దోసెన్ స్వామి మూడుసార్లు అడుగుతాడు: "తప్పు చేసినవారుంటే చెప్పండి. చెయ్యనివారు మౌనంగా ఉండండి. మీ మౌనాన్ని బట్టి మీరు పరిశుద్ధులని తెలుసుకుంటాను." వరండాలోంచి నాకు తొకిహారు వీపు కనబడుతోంది. మొదటిసారి అడిగినప్పుడు ఆ వీపు కదల్లేదు. రెండోసారి అతని కుడిచెయ్యి కొత్త అంచు లోపలికి ముడుచుకుపోయింది. మూడోసారి కూడా ఎవరూ మాట్లాడలేదు. ఆనాడు గుర్రాల మీదున్న తోటివాళ్లూ మాట్లాడలేదు. "అందరూ పరిశుద్ధులు" అన్నాడు దోసెన్ స్వామి. హికోజి వాళ్ల నాన్న బిగించిన నగారా మోగింది.

మర్నాడు పొద్దున గుమ్మం బయట హికోజిని విచారించారు. అధికారి మనుషులు వచ్చి నిలబడ్డారు. హికోజి మోకాళ్ల మీద కూర్చున్నాడు. వీపు నిటారుగా, అరచేతులు ఒళ్లో, కళ్లు సగం వాల్చి, అచ్చం లోపల కుర్రాళ్లు కూర్చున్నట్టే కూర్చున్నాడు. అది చూసి ఒకరిద్దరు కిసుక్కుమన్నారు.

"హికోజీ, కుక్కను చంపింది నువ్వేనా?" అన్నాడు దోసెన్ స్వామి. పౌర్ణమినాటి గొంతే, అదే నిదానం.

హికోజి పలకలేదు.

రెండోసారి అడిగాడు. గుంపు వెనక ఇతో "చెప్పు, చెప్పు" అని గొణుగుతోంది. మూడోసారి అడిగాడు. హికోజి మొహం నిర్మలంగా ఉంది. జీవితంలో మొదటిసారి తనను మూడుసార్లు అడిగారు, లోపలివాళ్లను అడిగినట్టే అడిగారు. తానూ లోపలివాళ్లలాగే జవాబు చెబుతున్నాడు.

"మూడుసార్లు అడిగాను. కాదనలేదు. ఒప్పుకున్నట్టే" అన్నాడు దోసెన్ స్వామి.

హికోజి తలెత్తాడు. అర్థం కాలేదతనికి. "స్వామీ... మౌనంగా ఉంటే... మీరే కదా..." అన్నాడు.

"అడిగినప్పుడు నోరు పడిపోయిందేం? ఇప్పుడు మొరుగుతావేం?" అని అధికారి మనిషి ఒకడు అరిచాడు. అందరూ నవ్వారు.

తీర్పు చెప్పారు. అమావాస్య సభ ముగిశాక హికోజి, ఇతో ఇద్దరూ ఆ ఒడ్డున కనబడకూడదు. వాళ్లకు ఎవరు నీడనిచ్చినా ఆ గుడిసె కూల్చేస్తారు. ఉపవాసదినాన నెత్తురు చిందించినవాణ్ని ఇంకో ఒడ్డువాళ్లు రానిస్తారా? రానివ్వరు. అంటే వాళ్లకిక ఎక్కడా నేల లేదు.

నేను దోసెన్ స్వామిని వరండా దగ్గర ఆపాను. "స్వామీ, మైదానంలోకి వచ్చే ముందు హికోజి తన కత్తి మీకే అప్పజెప్పాలి కదా. ఆ రోజు అతని కత్తి మీ గదిలోనే ఉంది."

ఆయన ఆగాడు. "చంపడానికి కత్తే కావాలా సన్యాసినమ్మా? సూదైనా చాలు. నీ దగ్గర చాలా ఉన్నట్టున్నాయే" అన్నాడు, చిరునవ్వు చెదరకుండా. వెళ్లిపోతూ, మఠం పైకప్పుకు కొత్త పెంకులు వేయించే భక్తి అధికారిగారికి కలిగిందని కూడా చెప్పాడు.

కంచె అవతల ఇసుక దువ్వేవాడు అన్నీ వింటాడని ఆయనకు తెలియదంటే నేను నమ్మను. అదే గొంతుతో, అలాగే మూడుసార్లు అడగడం పొరపాటని కూడా నమ్మను. నా అనుమానం తప్పయితే అందరి ఎదుటా తప్పని చూపించండి, తల వంచుతాను.

నిన్న హికోజి దగ్గరికి వెళ్లాను. "నేను సరిగానే కూర్చున్నానా అమ్మా?" అని అడిగాడు. ఇంకా అదే అతని బెంగ. ఎక్కడో కూర్చోవడంలో పొరపాటు చేశాననీ, అందుకే తన మౌనం వాళ్లకు చేరలేదనీ అనుకుంటున్నాడు. ఇతో మొహం తిప్పుకుంది. మూటలు కడుతోంది. అంత జరిగినా అతను పొద్దున్నే వెళ్లి తోట దువ్వి, వెనక్కి నడిచి, తన జాడ చెరుపుకుని వచ్చాడు.

ఇది చదువుతున్నవాళ్లలో ఆ మఠానికి కొడుకుల్ని పంపినవాళ్లున్నారు, ఏటా బియ్యం పంపేవాళ్లున్నారు. మీరు గడప దాటి లోపల కూర్చోగలరు, నేను దాటలేను. అమావాస్యకు రండి. నియమాలు చదవడం అయ్యాక దోసెన్ స్వామి అడిగినప్పుడు లేచి నిలబడి చెప్పండి: హికోజిని లోపలికి పిలవమనండి, అతను నోరు విప్పి జవాబు చెప్పవచ్చని ముందుగా అతనికే చెప్పమనండి, అప్పుడు అడగమనండి. తొకిహారును కూడా పేరు పెట్టి అడగమనండి. కత్తిరించిన గుడ్డముక్క నా దగ్గరుంది, వరండా చివరే కూర్చుని ఉంటాను. రాలేనివాళ్లు హికోజిని మళ్లీ విచారించేదాకా బియ్యం పంపకండి. ఆనాడు గుర్రాల మీదున్న కుర్రాళ్లు ఇంట్లో ఉంటే, ఏం చూశారో ఇవాళే కూర్చోబెట్టి అడగండి.

మూడోసారి అడిగేదాకా ఆగకండి. మొదటిసారికే లేవండి.