విప్పలేదు అన్నాను

కొట్లో ఉన్నది ముగ్గురం: ఆ కొట్టు నడిపే అప్పలరాజు బాబాయ్, మా నాన్న, నేను. కౌంటర్ మీద ఉన్నవి: మాడు వాసన వేస్తున్న కొత్త ఇన్వర్టర్, దాని అట్టపెట్టె, వారంటీ కార్డు, బాబాయ్ సగం తాగి పక్కన పెట్టిన టీ గ్లాసు. అక్కడ లేని వస్తువు ఒకటుంది. అది మా క్వార్టర్‌లో, నా మంచం కింద, సంచిలో ఉంది. ఏళ్లుగా నేను మోస్తున్నది దాన్నే.

మీరు నన్నెరగరు. అందుకే మీతో చెప్పగలుగుతున్నాను.

అప్పట్లో నేను బిలాస్‌పూర్ రైల్వే షెడ్డులో అప్రెంటిస్‌ని. ఎలక్ట్రికల్ డిప్లొమా కొత్తగా చేతికొచ్చింది. షెడ్డులో ఏ మోటారుకైనా మెగ్గర్ పెట్టి చూడకుండా కరెంటు ఇవ్వరు. మెగ్గర్ అంటే చేత్తో పట్టుకునే పరికరం. తనే ఎక్కువ వోల్టేజీ పుట్టించి తీగల్లోకి పంపి, ఎక్కడైనా లీకేజీ ఉందేమో చెబుతుంది. మోటార్లు దాన్ని తట్టుకుంటాయి. ఇన్వర్టర్ లోపలి ఎలక్ట్రానిక్ బోర్డు తట్టుకోదు. ఇది నేను చదివిన సంగతే. పరీక్షలో రాసిన సంగతే.

మరి ఎందుకు పెట్టాను?

నాన్నది నైట్ డ్యూటీ. ఎండాకాలం పగలు కరెంటు పోతే ఆయనకు నిద్ర ఉండేది కాదు. అందుకే ఇన్వర్టర్ కొన్నాం. "మావోడు టెస్ట్ సెయ్యందే మా ఇంట్లో బల్బు కూడా ఎలగదు" అని ఆయన కాలనీ అంతా చెప్పుకునేవాడు. ఆ మాట నిలబెట్టాలని, ఎవరికీ చెప్పకుండా షెడ్డు నుంచి మెగ్గర్ ఇంటికి తెచ్చాను. దాని రెండు తీగలూ ఇన్వర్టర్ పిన్నులకు తగిలించి మీట నొక్కాను. టిక్కుమని చిన్న చప్పుడు. ముల్లు సున్నాకు పడిపోయింది. తర్వాత వాసన. అప్పటికప్పుడే నాకు అర్థమైంది.

కొట్లో బాబాయ్ ఇన్వర్టర్‌ని ముక్కు దగ్గర పెట్టుకుని వాసన చూశాడు.

"ఏటి నాన్నా, దీన్నేటి సేసినావు? ఇప్పినావా?"

"విప్పలేదు బాబాయ్. సీలు చూడు."

చూశాడు. సీలు అలాగే ఉంది.

"అచ్ఛా. మరి బోర్డు మాడిన వాసనొస్తందేటి?"

నాన్న అందుకున్నాడు. "మన తెలుగోడివని కదేటి నీ కాడ కొన్నాం! పాత మాల్‌కి కొత్త డబ్బా తొడిగినావేటి, అప్పలరాజూ?"

"అంత మాటనకు అన్నయ్యా. కంపెనీ ఇంజనీరొస్తాడు. ఇప్పి సూత్తాడు. నాది తప్పైతే కొత్తదిచ్చేత్తాను."

విప్పి చూస్తాడు. బోర్డు చూస్తే బయటి నుంచి ఎక్కువ వోల్టేజీ వచ్చిందని ఏ ఇంజనీరైనా పోల్చుకుంటాడు. మెగ్గర్ సంగతి బయటపడితే అప్రెంటిస్‌షిప్ పోతుంది. కానీ నిజం చెప్పాలంటే, దానికంటే నాన్న నన్ను చూసే చూపు మారుతుందని ఎక్కువ భయపడ్డాను.

వినియోగదారుల కోర్టుకి వెళ్తే ఏళ్లు పడుతుందని, పోలీసు థానాకి వెళ్తే సాయంత్రానికల్లా కొత్తది ఇంటికొస్తుందని షెడ్డులో అంటుండేవారు. నాన్నకు ఆ దారి చెప్పింది నేనే. కొత్త ఇన్వర్టర్ కోసం చెప్పలేదు. పోలీసులు స్వాధీనం చేసుకున్న సామాను మూటగట్టి లక్క ముద్ర వేసి గదిలో పెట్టేస్తారు. ఇక దాన్ని ఎవరూ విప్పరు. నాకు కావలసింది అదే.

చెడిన వస్తువు అమ్మడం మోసం కేసు కాదని థానాలో చెప్పారు. అమ్మేటప్పుడే మోసం చేసే ఉద్దేశం ఉండాలట. ఉంది అన్నాను. వరసగా, పొందికగా, పాయింటు తర్వాత పాయింటు చెప్పాను. వాళ్లు కొట్టు వెతికితే టేపు వేసిన పెట్టెల్లో పాత ఇన్వర్టర్లు దొరికాయి. వాటితో పాటు మా ఇన్వర్టర్‌నీ మూటగట్టి ముద్ర వేసి పట్టుకుపోయారు. అవి రిపేరుకు వచ్చినవని బాబాయ్ మొత్తుకున్నాడు. ఎవరూ వినలేదు. బెయిలు వచ్చేదాకా జైల్లో ఉన్నాడు. ఆ తర్వాత కాలనీలో ఎవరూ ఆయన దగ్గర కొనలేదు. కొట్టు మూతపడింది.

ఆయన్ని జైల్లో పెట్టించాలని నేను అనుకున్నానా? లేదు. ఈ "లేదు" కూడా ఆ "విప్పలేదు" లాంటిదేనా? ఒక్క అబద్ధమూ ఆడకుండా మనిషిని ముంచవచ్చని నేనెప్పుడు నేర్చుకున్నాను? అయినా అదీ నిజం కాదు. ఉద్దేశం ఉందని థానాలో చెప్పింది పచ్చి అబద్ధం.

ఇప్పుడు నాకు సీపత్ కరెంటు ప్లాంటులో ఉద్యోగం. బాబాయ్ బిలాస్‌పూర్‌లోనే మంగ్లాలో అద్దె గది వరండాలో ఫ్యాన్లు బాగుచేస్తాడు. ఒకసారి ఎదురుపడితే నాన్నకు పగలు నిద్ర పడుతోందా అని అడిగాడు. పడుతోందని చెప్పి బండి స్టార్ట్ చేశాను.

కేసు ఇంకా నడుస్తోంది. వచ్చే వాయిదాకి సాక్షిగా రమ్మని నాకు సమన్లు వచ్చాయి. బాబాయ్ తరఫు వకీలూ అదే అడుగుతాడు, విప్పారా అని. బోనులో నా నోట ఏ మాట వస్తుందో నాకింకా తెలియదు. నాన్న వెనక బెంచీ మీద కూర్చుంటాడు. ఇది రాస్తుంటే మాత్రం ఊపిరి కొంచెం లోపలికి దిగుతోంది. ఆ తేలికకి నాకు హక్కు లేదని తెలుసు.

ఇంతవరకూ ఎవరూ అడగని ప్రశ్నకి జవాబు ఇది. మెగ్గర్ పెట్టాను. ఐదు వందల వోల్టులు.