పంపుహౌసు వెనక ఇల్లు

ఆసుపత్రిలో అందరూ ఆమెను ఫిల్మక్క అంటారు. ఎక్స్‌రేలు ఫిల్ముల మీద తీసి, చీకటి గదిలో మందునీళ్ళలో కడిగి ఆరేసే రోజుల్లో ఆమె ఉద్యోగంలో చేరింది. ఇప్పుడు ఫిల్ములు లేవు. చీకటి గదిలో విరిగిన మంచాలు పడేశారు. బొమ్మ నేరుగా కంప్యూటరు మీదికి వచ్చేస్తోంది. పేరు మాత్రం ఆమెను వదల్లేదు. "ఊపిరి పీల్చి బిగపట్టండి" అని రోజంతా చెప్పే అలవాటుకొద్దీ, ఇంట్లో కూడా ఎవరైనా గట్టిగా ఊపిరి పీలిస్తే "ఇక వదలండి" అనేస్తుందని తోటివాళ్ళు నవ్వుకుంటారు.

ఇంట్లో ఉండేది ఆమే, తల్లీ. పెళ్ళి మాట వచ్చినప్పుడల్లా ఏదో ఒకటి అడ్డం పడి, చివరికి ఆ మాటే రావడం మానేసింది. ఒక్కడే తమ్ముడు. ఆరడుగులు పెరిగినా ఇంట్లో వాడు బుడ్డోడే. లిఫ్టులు బిగించే కంపెనీలో పని, ఈ నెల ఒక ఊరు, వచ్చే నెల ఇంకో ఊరు. అక్కాతమ్ముళ్ళ మధ్య గొడవేమీ లేదు. గొడవైనా ఉంటే సర్దుకోవడానికి ఒక దారంటూ ఉండేది. ఫోన్ చేస్తే "ఆఁ అక్కా, బానే ఉన్నా, సైట్లో ఉన్నా, మళ్ళీ చేస్తా" అంటాడు. మళ్ళీ చేసేది ఆమే.

వాళ్ళు పెరిగింది పంపుహౌసు వెనక క్వార్టర్లో. ఊరికి నీళ్ళు తోడే ఆ పంపుకి తండ్రి ఆపరేటరు. పంపు ఆడుతున్నంతసేపూ గోడలు సన్నగా వణికేవి, గూట్లో గ్లాసులు ఒకదానితో ఒకటి గుసగుసలాడేవి. ఆ చప్పుడుకి ఎవరికీ మెలకువ వచ్చేది కాదు. చప్పుడు ఆగితేనే అందరూ ఉలిక్కిపడి లేచేవాళ్ళు. తండ్రి రిటైరయ్యాక తాళాలు అప్పగించి వచ్చేశారు. కొన్నాళ్ళకు ఆ క్వార్టర్లు పడగొట్టి అక్కడ కొత్త ట్యాంకు కట్టారు. తండ్రి కూడా ఆ తర్వాత ఎక్కువ కాలం ఉండలేదు. ఆ ఇంటి లోపల తీసిన ఫొటో ఒక్కటైనా లేదు. ఫొటో అంటే ఆ రోజుల్లో స్టూడియోకి పోయి, పూల తెర ముందు బిగుసుకుని నిలబడడమే.

అయితే ఆ ఇల్లు ఇంకోచోట మిగిలి ఉంది.

తమ్ముడు కాలేజీలో ఉన్నప్పుడు ఒక కంప్యూటరు ఆట మీద పడ్డాడు. తుపాకీ పట్టుకుని గదులూ మెట్లూ తిరుగుతూ ఎదురొచ్చినవాణ్ణి కాల్చడం, అంతే ఆట. కావాలంటే అందులో ఎవరి భవనం వాళ్ళు కట్టుకోవచ్చు. లోకమంతా కోటలూ సొరంగాలూ కట్టుకుంటుంటే వీడు సెలవుల్లో కూర్చుని సొంత ఇల్లు కట్టాడు. అక్క బట్టలు కుట్టే టేపు ఒక కొస పట్టుకుంటే, రెండో కొస పట్టుకుని గోడగోడా కొలిచాడు.

"ఇల్లు మనది కాదు కదరా, కొలిచి ఎవరికి అమ్ముదామని?" అంది తల్లి.

ఇల్లు తయారయ్యాక అక్కాతమ్ముళ్ళు వంతులేసుకుని ఆడేవాళ్ళు. పొయ్యి పక్కన తూటాలు, బీరువా మీద మందుల పెట్టె. వంటింట్లో శత్రువు కనబడితే "ఆగరా, పొయ్యి కట్టేయనీ, తర్వాత కాల్చు" అని ఆమె వెనక నుంచి అరిచేది. తర్వాత తమ్ముడు ఉద్యోగానికి వెళ్ళాడు, ఆ కంప్యూటరు చచ్చిపోయింది. అందులోని డిస్కును మాత్రం ఆమె తీసి ఒక ఉన్ని టోపీలో చుట్టి అటక మీద పెట్టింది.

ఆ సంగతి మళ్ళీ కదిలింది అద్దం మూలంగా. పంపుహౌసు ఇంట్లో అద్దం వంటింటి గోడకి ఉండేదని తల్లి, కాదు, వీధి తలుపు పక్కన ఉండేదని కూతురు. వారం రోజులు అదే తగువు. ఎవరిని అడగాలి? ఆ గోడలే లేవాయె. చివరికి ఆమె అటకెక్కి డిస్కు దింపింది. వీధి చివర కంప్యూటర్ల షాపతను అందులో ఉన్నదంతా ఆమె కొత్త కంప్యూటర్లోకి ఎక్కించి ఇచ్చాడు.

ఆదివారం మధ్యాహ్నం తల్లిని పక్కన కూర్చోబెట్టుకుని ఆట తెరిచింది. పేర్ల వరసలో తమ్ముడు కట్టిన ఇల్లు కనబడింది. నొక్కింది. తెర మొత్తం నల్లబడింది. ఆట ఆగిపోలేదు, నడిస్తే అడుగుల చప్పుడు వినబడుతోంది. బల్బు ఉండాల్సిన చోట మాత్రం ఆరిపోయే నిప్పు కణికలా ఒక చుక్క.

"ఆ ఇంట్లో కరెంటు పోయిందేమోనే," అంది తల్లి.

ఆమె కిటికీ తెరలు లాగేసింది. మానిటరు వెలుగు చివరిదాకా పెంచింది. నలుపు కాస్తా బూడిదరంగు అయింది గానీ అందులోంచి ఒక్క గోడ కూడా బయటికి రాలేదు. ఆటలోనే వెలుగు పెంచే మీట ఒకటి ఉంది. దాన్ని ఈ కొస నుంచి ఆ కొసకి జరిపినా ఏమీ మారలేదు.

ఆ పాత ఆటని ఇంకా ఆడుకునేవాళ్ళు కలుసుకునే పేజీ ఒకటి ఇంటర్నెట్లో దొరికింది. ఆమె తన బాధ రాసింది. ఎవరో పెద్దాయన ఓపిగ్గా జవాబిచ్చాడు. ఆ ఆట పుట్టుకతోనే గదుల్ని సగం వెలుగులో గీస్తుందట. గీసి, దాన్ని రెట్టింపు చేయమని తెరకి చెబుతుందట. పాత కంప్యూటర్లు ఆ మాట వినేవి. కొత్తవి, ఒక ఆట కోసం మొత్తం తెర వెలుగు మార్చడం ఎందుకని ఊరుకుంటాయి. అందుకే సగం సగంగానే ఉండిపోతుంది, దీపాలు తక్కువున్న ఇల్లయితే ఆ సగం కూడా నలుపులాగే కనబడుతుంది. ఆట సెట్టింగుల ఫైలు తెరిచి, సగం చేయొద్దని ఒక వరసలో, గోడల మీద ఎంత వెలుగు పడాలో ఇంకో వరసలో అంకెలు మార్చుకోవాలి.

మర్నాడు ఆసుపత్రి నుంచి వచ్చి ఆ పని మీద కూర్చుంది. మొదటిసారి మార్చి తెరిస్తే ఇల్లంతా సున్నం బకెట్టు బోర్లించినట్టు తెల్లగా పేలిపోయింది. ఆమెకు నవ్వొచ్చింది. కొత్తలో తను తీసిన ఎక్స్‌రేలు ఇలాగే ఉండేవి, ఎముకేదో కండేదో తెలియకుండా. అంకె కొంచెం తగ్గించి తెరిచింది, మూసింది, ఇంకొంచెం తగ్గించింది. తల్లి ఉతికిన బట్టలు మడతపెట్టడం పూర్తయ్యేసరికి, వీధి గది నీలం గోడ తెర మీద నిలబడింది.

గోడ కింద చెమ్మ మరక కూడా ఉంది. వాడు దాన్ని కూడా వేశాడా! కిటికీ ఊచల నీడ నేల మీద ఏటవాలుగా పడింది. గూట్లో గ్లాసులున్నాయి. వంటింటి గోడకి అద్దం ఉంది.

"చెప్పానా?" అంది తల్లి. గెలిచిన గొంతు కాదది, ఎక్కడో నీరసంగా ఉంది. "ఇంకొంచెం అటు తిప్పవే."

అటు తిప్పితే మధ్య గది. తలుపు తీసే ఉంది, లోపల మాత్రం అదే నలుపు. ఆమె అంకె పెంచి చూసింది. వంటిల్లు తెల్లబడిపోయింది గానీ మధ్య గది కదల్లేదు. రెండు సాయంత్రాలు దాంతోనే పోయాయి. మళ్ళీ పేజీలో అడిగింది. "ఆ గదిలో అసలు దీపమే లేనట్టుంది. లేని వెలుగుని ఎన్ని రెట్లు చేసినా లేనట్టే కదమ్మా. కట్టినవాణ్ణే అడగండి," అని రాశాడు పెద్దాయన.

కట్టినవాడికి ఫోన్ చేసింది. తల్లికి వినబడాలని స్పీకరు పెట్టింది.

"చెప్పక్కా, అమ్మ బానే ఉందా?"

"బానే ఉంది. నీ ఇల్లు తెరిచాన్రా."

"ఏ ఇల్లు?"

"పంపుహౌసు ఇల్లు. ఆటలోది."

అటువైపు సుత్తి చప్పుడు వినబడుతోంది. ఎవరో అతన్ని పిలిచారు. "మీరు కానివ్వండి, వస్తా," అని అతను వాళ్ళకు చెప్పడం వినబడింది. తర్వాత చప్పుళ్ళు దూరమయ్యాయి.

"అది ఇంకా ఉందా అక్కా?"

"ఉంది. అంతా చీకటైపోతే బాగుచేశా. మధ్య గది ఒక్కటే రావట్లేదు. అక్కడ లైటు పెట్టడం మర్చిపోయావా?"

"మర్చిపోలేదు. నాన్న పడుకునే గది కదక్కా. రాత్రి డ్యూటీ చేసొచ్చి పగలు పడుకునేవారు. అమ్మ కిటికీకి దుప్పటి కట్టేది. ఆ గదిలో లైటు వేస్తే నువ్వే కదా నా వీపు పగలగొట్టేదానివి," అన్నాడు.

ఆమెకు ఆ దుప్పటి గుర్తొచ్చింది. గుమ్మం దగ్గర చెప్పులు చేత్తో పట్టుకుని నడవడం, పోట్లాడుకున్నా గుసగుసగానే పోట్లాడుకోవడం, స్కూల్లో టీచరు "ఈ పిల్ల గొంతెక్కడ పోయింది" అనడం గుర్తొచ్చాయి. ఇన్నేళ్ళలో వాటిని ఒక్కసారి కూడా తలుచుకోలేదు. బీరువా మీద మందుల పెట్టె పెట్టిన ఆకతాయి మాత్రం, ఆ వయసులోనే, తండ్రి నిద్ర పాడుకాకుండా ఆ గది కట్టాడు.

"కావాలంటే పెట్టి ఇస్తాలే. ఒక్క దీపమే కదా, ఫైలు పంపు," అన్నాడు తమ్ముడు.

"వద్దు," అంది తల్లి. "ఇప్పుడెందుకు లేపడం."

ఆ మాట తర్వాత తమ్ముడు "సైట్లో ఉన్నా" అనకపోవడం ఆమె గమనించింది. చివరికి అతనే అడిగాడు, "అక్కా, నాక్కూడా పంపుతావా? నువ్వు మార్చిన అంకెలతో సహా."

పంపింది. తర్వాతి ఆదివారం అతను ఏదో ఊళ్ళో లాడ్జి గదిలో కూర్చుని, ఆమె తన ఇంట్లో కూర్చుని, ఇద్దరూ ఇంటర్నెట్ మీద ఒకేసారి ఆ ఇంట్లోకి వెళ్ళారు. వంటింట్లో ఇనప టోపీ, కవచం వేసుకుని, చేతిలో తుపాకీతో ఒక సైనికుడు నిలబడి ఉన్నాడు.

"ఎవడే వీడు?"

"బుడ్డోడేనమ్మా."

తల్లి కళ్ళజోడు సర్దుకుని తెర దగ్గరికి వంగింది. "భోంచేశాడేమో అడుగు," అంది.

ఇద్దరూ తుపాకీ పేల్చలేదు. సైనికుడు పొయ్యి దగ్గర నుంచి గూటి దాకా, గూటి నుంచి కిటికీ దాకా నడిచాడు. ఆమె వెనకాలే వెళ్ళింది. మధ్య గది గుమ్మం దగ్గర అతను ఆగాడు. తర్వాత లోపలికి వెళ్ళాడు. నలుపులో ముందు టోపీ, తర్వాత భుజాలు మాయమయ్యాయి. అడుగుల చప్పుడు ఆగిపోయింది. ఆమె నీలం గోడ పక్కనే నిలబడింది. లోపలికి వెళ్ళాలనిపించలేదు, వాణ్ణి పిలవాలనీ అనిపించలేదు. చాలాసేపటికి సైనికుడు బయటికి వచ్చి, ఆమెకు ఎదురుగా నిలబడి, ఒకసారి పైకీ కిందకీ గెంతాడు. ఆ ఆటలో చెయ్యి ఊపడం లేదు మరి. వెళ్ళిపోయాడని తెర మీద ఒక వరస వచ్చింది.

అప్పటి నుంచి కొన్ని ఆదివారాలు వస్తాడు, కొన్ని రాడు. ఫోన్ మాత్రం ఇప్పుడు అప్పుడప్పుడు తనే చేస్తున్నాడు. సెలవు పెట్టి ఇంటికి వస్తానంటాడు. కంపెనీ ఇంకో ఊరు పంపుతుంది.

అతను రాని ఆదివారం ఆమె ఒక్కతే ఇల్లంతా ఒకసారి తిరుగుతుంది. తల్లి పక్కన కూర్చుని చూస్తుంది. వీధి గుమ్మం అవతల తమ్ముడు ఏమీ కట్టలేదు. చెట్టూ లేదు, పంపుహౌసూ లేదు, ఉత్త బూడిదరంగు. ఆమె ఆ గుమ్మంలో కాసేపు నిలబడుతుంది.

"తలుపు దగ్గరికి వేసి రావే," అంటుంది తల్లి.

ఆ తలుపు మూసుకునేలా కట్టలేదని ఆమె తల్లికి ఇంకా చెప్పలేదు.