‘దారిలో ఉన్నా’ అన్నప్పుడల్లా ఒక విశ్వం

మొన్న శనివారం మా అమ్మాయికి ప్రైజొచ్చింది. నాకు పరువు పోయింది. రెండూ ఒకే స్టేజ్ మీద, ఒకే నిమిషంలో! నవ్వకండి, ముందు మొత్తం వినండి.

అమెరికాలో మా ఊరు పార్సిప్పనీలో లైబ్రరీ వాళ్లు పిల్లలకి పోటీ పెట్టారు. సొంతంగా ఒక సైన్స్ థియరీ ఊహించి చెప్పాలి, నిజం కానక్కర్లేదు. మా ఆద్య సెవెంత్ గ్రేడ్. మూడు వీకెండ్లు కూర్చుని, గ్లూ, స్కెచ్ పెన్నులు ఇల్లంతా పరిచి, ఇంత పెద్ద మడత బోర్డు తయారుచేసింది.

థియరీ ఏంటంటే, విశ్వాలు బోలెడున్నాయట. ఎవరైనా “ఐదు నిమిషాల్లో వస్తా” అనగానే ఇంకో విశ్వం పుడుతుందట. అక్కడ ఆ మనిషి నిజంగానే ఐదు నిమిషాల్లో వచ్చేస్తాడట. కానీ అన్ని విశ్వాలకీ కలిపి ఉన్న టైమ్ ఒక్కటేనట. అక్కడికి కావలసిన నిమిషాలు ఇక్కణ్ణుంచి లాక్కుంటారట. అందుకే ఇక్కడ మనిషి లేటు.

“అబ్బ, ఏం బుర్రే నీది! ఎక్కణ్ణుంచి వచ్చింది ఈ ఐడియా?” అన్నాను.

“అబ్జర్వేషన్, నాన్నా,” అంది. మా ఆవిడ సుధ ఎందుకో దగ్గింది. నేను పట్టించుకోలేదు!

శనివారం తల్లీ కూతుళ్లు ముందే వెళ్లారు. బోర్డు మీద గ్లూ ఆరలేదు, ఆరాక నేను తేవాలి. రెండుంపావుకి ఆద్య టర్న్. “ఏవండీ, బోర్డు లేకపోతే స్టేజ్ ఎక్కనివ్వరట. పిల్ల ఏడుస్తుంది. ఒకటిన్నరకి బయల్దేరండి,” అని సుధ పదిసార్లు చెప్పింది. డ్రైవ్ ఎంతనుకున్నారు? పన్నెండు నిమిషాలు! దీనికింత హడావుడా?

ఒకటీ నలభైకి మెసేజ్: “స్టార్ట్ అయ్యారా?”

“ఆన్ ద వే!” అని కొట్టాను. తల మీద టవల్ ఉంది. అయితే ఏం, మనసులో బయల్దేరిపోయాగా!

ఒకటీ యాభైకి మళ్లీ. “సిగ్నల్ దగ్గరున్నా” అన్నాను, సోఫా కింద కారు తాళాలు వెతుకుతూ. తాళాలు ఎక్కడున్నాయి? జేబులో! ఒళ్లు మండిపోయింది.

కిందికి దిగితే పార్కింగ్‌లో మూర్తిగారు. పక్క బిల్డింగ్ ఆయన. “ఏవండోయ్, వీసా స్టాంపింగ్‌కి ఇండియా వెళ్తున్నా, అపాయింట్‌మెంట్ డేట్లు దొరుకుతున్నాయా?” అని పట్టుకున్నారు. వీసా మాట ఎత్తిన మనిషిని మధ్యలో వదిలేసి వెళ్లగలమా, చెప్పండి? నాలుగుసార్లు “సరేనండి, ఉంటా” అన్నాను. అన్నవాణ్ణి అక్కడే ఉన్నాను! ఎలాగో వదిలించుకుని రెండూ ఐదుకి కారెక్కా.

సగం దూరం వెళ్లాక అద్దంలో వెనక సీటు చూశా. ఖాళీ! బోర్డు ఇంట్లో చెప్పుల స్టాండ్ మీదే ఉండిపోయింది. మూడు వీకెండ్ల కష్టం! యూటర్న్ కొట్టి, నన్ను నేనే తిట్టుకుంటూ ఇంటికొచ్చి పడ్డా. అప్పుడే మెసేజ్: “ఎక్కడ?”

“పార్కింగ్ చేస్తున్నా.”

అబద్ధమా? కాదే! మా అపార్ట్‌మెంట్‌లోనే అనుకోండి, చేస్తున్నది పార్కింగే కదా.

“సరే,” అని వచ్చింది. అంతే. సుధ నుంచి తిట్టు లేని “సరే” వచ్చిందంటే భయపడాలి. తొందరలో నాకు తట్టలేదు.

రెండూ ముప్పైకి బోర్డు చంకలో పెట్టుకుని లైబ్రరీ హాల్లోకి దూరాను. చెమటలు. కాళ్లకి చూస్తే ఒకటి నా చెప్పు, ఒకటి సుధది. పిల్ల ఏ మూల ఏడుస్తోందో అని వెతుకుతుంటే హాలంతా ఒకటే నవ్వులు!

స్టేజ్ మీద ఆద్య. బోర్డు లేదని లైబ్రరీ వాళ్లు జాలిపడి, ఉన్నదేదైనా చూపించమన్నారట. స్క్రీన్ మీద సుధ ఎప్పటికప్పుడు తీసిపెట్టిన స్క్రీన్‌షాట్లు: ఒక పక్క నా మెసేజ్‌లు, టైమ్‌తో సహా. ఇంకో పక్క మ్యాప్, అందులో నీలం చుక్క. పోయిన చలికాలం మంచు పడ్డప్పుడు సుధ అందరి ఫోన్లలో లొకేషన్ షేరింగ్ పెట్టింది. నేను మర్చిపోయా. తల్లీ కూతుళ్లు మర్చిపోలేదు!

“ఆన్ ద వే” అన్నప్పుడు చుక్క ఇంట్లో. “సిగ్నల్” అన్నప్పుడు చుక్క ఇంట్లో. “పార్కింగ్” అన్నప్పుడైతే చుక్క వెనక్కి ప్రయాణం చేసి మళ్లీ ఇంట్లో!

“అండ్ దిస్ ఈజ్ మై డాడ్,” అంది ఆద్య, నా వైపు చెయ్యి చూపించి. అందరూ తిరిగారు. జడ్జి ముసలావిడ కళ్లజోడు సర్దుకుని, “ఏ విశ్వం నుంచి వస్తున్నారు సర్?” అని అడిగింది. నేను బోర్డు విప్పి మొహానికి అడ్డం పెట్టుకున్నా.

ఫస్ట్ ప్రైజ్. సాక్ష్యం చాలా బలంగా ఉందన్నారు. ఇంటికొచ్చేటప్పుడు ఆద్య నా భుజం తట్టి, “థాంక్స్ నాన్నా, బోర్డు టైమ్‌కి వచ్చుంటే ఓడిపోయేదాన్ని,” అంది. తిట్టిందో పొగిడిందో ఇప్పటికీ తెలీదు. ఆ రోజు నుంచి టైమ్ విషయంలో ఒక్క అబద్ధం ఆడితే ఒట్టు! మారిపోయానండీ.

ఉండండి, సుధ ఫోను. “ఆఁ... బయల్దేరిపోయా! కార్లోనే ఉన్నా. ఐదే నిమిషాలు!”

సరే, మీ ఇంటి టీ ఇంకో అరకప్పు పొయ్యండి. ఏంటి, అందరూ నా ఫోన్ వంక అలా చూస్తున్నారు?

ఓరి దేవుడా, ఆ నీలం చుక్క!