గుట్ట దిగిన రాతిపలకలు

మొన్న శుక్రవారం పొద్దున కంభం ఆసుపత్రి నుంచి కబురు వచ్చింది, మా పంతులుగారు పోయారని. కబురు తెచ్చిన మనిషిని మా సంఘపెద్ద నమ్మలేదు. "సరిగ్గా చూసినావా? పోయినాడో, పోయేది ఎట్లుంటదో చూద్దామని పండుకున్నాడో!" అన్నాడు. ఆ మాటకు నవ్వు వచ్చింది, వెంటనే ఏడుపూ వచ్చింది. పంతులుగారిని ఎరిగినవారెవరికైనా ఆ అనుమానం రావలసిందే.

మార్కాపురానికీ దొనకొండకూ నడుమ ఉన్న మా మెట్ట ఊళ్లో మిషను బడి ఒకటే గది. ఆదివారం నాడు అదే గుడి. నాకు వరసకు మామ అయ్యే పంతులుగారు పెద్ద తరగతులు చెప్పేవారు, నేను చిన్నపిల్లలకు ఓనమాలు దిద్దించేదాన్ని. ఆదివారం ప్రసంగమూ ఆయనదే. పంతులు కాకముందు ఆయన మార్కాపురం పలకల గనిలో రాయి చీల్చిన మనిషి. అందుకేనేమో, ఏ కథ చెప్పినా అందులోని వస్తువు చేతికి తగిలితేగాని ఆయనకు తృప్తి ఉండేది కాదు. "నమ్మేదానికి చెవి చాలు అమ్మాయ్. తెలియాలంటే మాత్రం కొలవాల" అనేవారు నాతో.

ఈ కొలతల పిచ్చి అంటించింది మా మిషను దొరగారు. ఒక వేసవిలో ఆయన మ్యాజిక్ లాంతరు తెచ్చి, గోడకు తెల్లగుడ్డ కట్టించి, బైబిలు దేశాల్లో పాత ఊళ్ల దిబ్బలు తవ్వుతున్న పటాలు చూపించారు. ఒక ఊరు కూలితే దాని మీదనే ఇంకో ఊరు, అట్టు మీద అట్టు వేసినట్టు. యెరికో పట్టణం అలాగే ఉందట. బబులోను దేశపు మట్టిపలకల మీద కోడి గీరినట్టున్న రాతలు కూడా చూపించారు. ఏసుప్రభువు బొమ్మలు వస్తాయని కూర్చున్నవాళ్లు ఇటుకలూ పెంకులూ చూసి కునికిపాట్లు పడ్డారు. పంతులుగారు ఒక్కరే రెప్పవేయకుండా చూశారు. గుడ్డ ఎత్తి దాని వెనక కూడా చూసి వచ్చారు.

ఆ తరువాత ఊరికి శాంతి లేదు. నోవహు ఓడ పొడవు మూడు వందల మూరలు గదా అని, గుడి గడప దగ్గర మొదలుపెట్టి తన మూరతోనే నేలంతా కొలుచుకుంటూ పోయారు. ఓడ వీధి దాటి, పెంటదిబ్బలు దాటి, ఒక రైతు జొన్నచేలో దూరింది. రైతు కొడవలి పట్టుకుని అడ్డం వచ్చాడు.

"వానే రాని ఊళ్లో ఓడ ఎందుకయ్యా పంతులూ?"

పంతులుగారు లేచి మోచేతులు దులుపుకుని, "నోవహును గూడా ఇట్లనే అడిగింటారు" అన్నారు.

ఇంకోసారి, చుట్టూ తిరిగి కొమ్ములూది కేకలు వేస్తేనే యెరికో గోడ కూలిందన్న సంగతి తేల్చుకోవాలని పిల్లలందరినీ బందెలదొడ్డి చుట్టూ తిప్పారు. ముందు ఒకడు గొర్రెకొమ్ము ఊదడం, వెనక మిగతావాళ్లు కేకలు. ఏడు చుట్లూ అయ్యాయి, గోడ కదలలేదు. దొడ్లో ఉన్న ఎనుములు మాత్రం బెదిరి తడిక తోసుకుని పారిపోయాయి. ఆ ఏడాది వానకార్తెలో నాలుగు చినుకులు పడగానే గోడ దానంతటది కూలింది. "ఆలస్యమైంది గానీ పని జరిగింది" అని ఆయన సంతోషించారు. మునసబు మాత్రం ఆ గోడ ఆయన చేతనే కట్టించాడు. మోకాలిలోతు మట్టిలో నిలబడి తొక్కుతూ, "ఇప్పుడు తెలిసింది, యెరికోవాళ్లు ఎంత కష్టపడినారో" అన్నారు. ఆయనకు శిక్ష వేయడం అంత సులభం కాదు.

అసలు గండం మోషే పటంతో వచ్చింది. దొరసానమ్మగారు గుడికి ఒక రంగుల పటం ఇచ్చారు. అందులో మోషే, దేవుడు పది ఆజ్ఞలు రాసిచ్చిన రెండు రాతిపలకలు పట్టుకుని కొండ దిగుతుంటాడు. పలకలు గడ్డం దగ్గర మొదలై మోకాళ్ల దాకా ఉంటాయి. బడికి పలకలు ఇచ్చే మార్కాపురం సెట్టిగారు ఒకనాడు వచ్చి ఆ పటం ముందు నిలబడిపోయారు. "ఏంది పంతులూ ఇది? ఈ జతను బండికెత్తాలంటే ఇద్దరు మనుషులు కావాల. ఎనభై ఏండ్ల ముసలాయన కొండ ఎట్ల దించినాడు?"

పంతులుగారు రెండు రోజులు సరిగ్గా అన్నం తినలేదు. ఆదివారం అదే ప్రశ్న ప్రసంగంలో సంఘాన్నే అడిగారు. సంఘపెద్ద లేచాడు. వాళ్లిద్దరూ వరసకు బావాబావమరుదులు, కాబట్టి ఒకరినొకరు వదిలిపెట్టేవాళ్లు కాదు.

"దొరసానమ్మ ఇచ్చిన పటం తప్పంటావా బావా?"

"తప్పనలేదు బావా. బరువన్నాను."

పెద్ద ఊరుకోలేదు. నేరుగా మిషను బంగళాకు పోయి, పంతులు పిల్లలకు అవిశ్వాసం నేర్పుతున్నాడని చెప్పాడు. వచ్చే ఆదివారం విచారణకు వస్తామనీ, అది నిజమైతే పంతులును తీసేసి, బడిని పుల్లలచెరువు వైపు ఇంకో ఊరికి ఇస్తామనీ దొరగారు కబురు చేశారు. బడి పోతే మా పిల్లలకు మిగిలేది ఎనుముల తోకలే. "మామా, పొరబాటైందని ఒక్క మాట అను" అని బతిమాలాను.

"అంటాలే అమ్మాయ్. పొరబాటో కాదో ముందు తెలియాల గదా!" అని గని దారి పట్టారు.

పాత స్నేహితుల చేత రెండు పలకలు చీల్పించి తెచ్చారు. పొడవు, వెడల్పు అచ్చం పటంలో ఉన్నట్టే. మందం మాత్రం పటంలో తెలియదు కాబట్టి తనకు వీలైనంత పలచన చేయించుకున్నారు. "ఇంత పలచగుంటాయా?" అన్నాడు పెద్ద. "పటంలో పక్కనుంచి చూపించలేదు గదా బావా!"

ఆదివారం దొరగారు, దొరసానమ్మగారు, సంఘమంతా గుట్ట కింద చేరారు. పలకలు ముందే బండిమీద పైకి పోయాయి. పంతులుగారు వాటిని ఎదకు ఆనించుకుని దిగసాగారు. మాకు కనిపించింది రెండు పలకలు, వాటి కింద రెండు వణికే కాళ్లు. "దేవా, ఆ మోకాళ్లను కాపాడు" అని నేను పైకే ప్రార్థన చేశాను. సగం దిగారు. మూడు పాళ్లు దిగారు. ఏ మాటకు ఆ మాటే చెప్పాలి, అప్పటికి పెద్ద కూడా "మెల్లగ బావా, ఎడమ పక్క గుండురాయి ఉంది" అని అరుస్తున్నాడు. తీరా గుట్ట అడుగుకు వచ్చి, ఇక చదును నేలే అనుకుంటుండగా, కాలు జారింది. పలకలు రెండూ పడి ముక్కలైపోయాయి.

పంతులుగారు కిందే కూర్చుని బొటనవేలు పట్టుకుని, "దొరగారూ, గ్రంథం ప్రకారం ఇంతవరకూ సరిగ్గా జరిగింది. మోషే గూడా కొండ కిందనే పగలగొట్టినాడు" అన్నారు.

ముందు దొరసానమ్మగారు నవ్వారు. దొరగారు కళ్లజోడు తీసి తుడుచుకుంటూ తన పుస్తకాల తెలుగులో, "పంతులూ, ఆ దేశములలో త్రవ్వగా దొరికిన పలకలు అనేకము అరచేయి యంతవే. మోషే పలకలును చిన్నవే అయి యుండవచ్చును" అన్నారు.

"ఆ మాట నేను పైకెక్కక ముందు చెప్పగూడదా దొరా!"

"ఇంత శ్రద్ధగా గ్రంథము చదువు పంతులు నాకు దొరకడు. బడి ఇచ్చటనే యుండును" అన్నారు దొరగారు. పటం నిజమేనని తేలిందని పెద్ద మురిసిపోయాడు. మురిసినవాడు ఊరుకోకుండా, "మోషే రెండో జత గూడా తెచ్చినాడు గదా, అదెప్పుడు?" అన్నాడు. పంతులుగారి భార్య, మా అత్త, మొగుడి వేలికి తడిగుడ్డ చుడుతూ తలెత్తింది. "రెండో జత నువ్వు మోయాల పెద్దయ్యా. మోషే పెండ్లాం ఎన్ని పాట్లు పడిందో ఆ పుస్తకంలో ఎవరూ రాయలేదు" అంది.

ముక్కలు వృథా పోలేదు. అంతవరకు ఇసుకలో వేలితో దిద్దిన నా చిన్నపిల్లలకు తలా ఒక పలక వచ్చింది. ఒకటి మూడు మూలలది, ఒకటి చేపలాంటిది. అందరికంటే పెద్ద ముక్క సంఘపెద్ద తీసుకుపోయి నీళ్లకడవ మీద మూత పెట్టుకున్నాడు.

శనివారం పంతులుగారిని ఆ గుట్ట పక్కనే సమాధి చేశాం. కొలిచి తెలుసుకోవాలని ఆయన చెప్పిన పాఠం నేనింకా సగమే నేర్చుకున్నాను, ఆయన లేని బడిలోకి అడుగు పెట్టాలంటే నాకు భయంగా ఉంది. మన్ను కప్పడం అయ్యాక పెద్ద ఆ కడవమూత తెచ్చి తలవైపు నాటాడు. పేరు రాయనా అని అడిగాను.

"ఏమీ రాయొద్దు కూతురా. ఎన్నడో ఒకనాడు ఎవడో తవ్వుతాడు. తవ్వినవాడు తల గోక్కోవాల. మా బావకు అదే ఇష్టం" అన్నాడు.

మూడోరోజు ప్రార్థనకు పోయేసరికి ఆ పలక మీద ఎవరో పిల్లలు బలపంతో అ ఆ ఇ ఈ రాసిపెట్టారు. పెద్ద తుడవబోయి కండువా చెంగు తడిపాడు. ఏమనుకున్నాడో, తుడవకుండానే తడి చెంగు మళ్లీ భుజాన వేసుకున్నాడు.