వెండి ఉండాల్సిన చోట రాగి

పొద్దున ఎనిమిదింటికి జిరాక్స్ షాపు అన్న ఫోన్ చేశాడు. అశోక్‌నగర్‌లో నేను పోటీ పరీక్షలకు చదివిన రోజుల నుంచీ తెలిసినవాడు. "అక్కా, కెమిస్ట్రీ సార్ పోయిండు. పాల ప్యాకెట్ తెచ్చి కుర్చీల కూసున్నడంట, మళ్ల లేవలే" అన్నాడు. "ఏ సార్?" అని అడిగాను. నాకు తెలిసిన కెమిస్ట్రీ సార్ ఒక్కరే. అయినా అడిగాను. మొన్న మంగళవారమే నారాయణగూడ చౌరస్తాలో బస్సు కిటికీలోంచి ఆయన్ని చూశాను. గొడుగు చంకలో పెట్టుకుని రోడ్డు దాటుతున్నారు. ఈ ఆదివారం ఎలాగైనా వాళ్లింటికి వెళ్లి దాచిన మాట చెప్పేయాలి అనుకున్నాను. ఫోన్ వచ్చింది శుక్రవారం.

ఆ మాటేమిటో మీకు చెప్పాలి. అంతకంటే ముందు ఆయన గురించి చెప్పాలి.

కాలేజీలో కెమిస్ట్రీ చెప్పి రిటైరయ్యాక, టిఫిన్ సెంటర్ పైన ఉన్న కోచింగ్ గదిలో మాకు జనరల్ సైన్స్ చెప్పేవారు. ఇల్లు చిక్కడపల్లిలో. కోస్తా నుంచి ఎప్పుడో వచ్చిన కుటుంబం, ఇన్నేళ్లయినా మాట మాత్రం అక్కడిదే. మిగతా సార్లు మైకు పట్టుకుని జవాబులు వల్లె వేయించేవారు. ఈయన సంచి పట్టుకుని వచ్చేవారు. అందులో వాళ్లావిడ వంటింటి సామానంతా ఉండేది. కలాయి పూసిన ఇత్తడి గిన్నె, రాగి చెంబు, అల్యూమినియం డబ్బా మూత, మాడిపోయిన బల్బు ఒకటి. "ముందు చేత్తో పట్టుకోండి, తర్వాత పెన్ను పట్టుకోండి" అనేవారు. కళ్లు మూసుకుని బరువు చూసి అది ఏ లోహమో చెప్పమనేవారు. తప్పు చెబితే ఏమీ అనేవారు కాదు. మళ్లీ చేతిలో పెట్టేవారు.

బంగారం నేలలో బంగారంగానే దొరుకుతుంది కాబట్టి మనిషికి ఎప్పుడో తెలిసిపోయిందట. సోడియం మాత్రం ఉప్పులో దాక్కుని వేల ఏళ్లు మన అన్నంలోనే ఉందట, కరెంటు పెట్టి లాగేదాకా బయటికి రాలేదట. అల్యూమినియం ఒకప్పుడు బంగారం కంటే ఖరీదని చెప్పి, ఆ డబ్బా మూతని రెండు చేతులతో మర్యాదగా బల్ల మీద పెట్టేవారు. మేం నవ్వేవాళ్లం. ఇదంతా సిలబస్‌లో లేదు కదా సార్ అని ఎవరో విసుక్కుంటే, "పరీక్ష ఒక్క పూట నాయనా, ఇవి మీ ఇంట్లో జీవితాంతం ఉంటాయి" అన్నారు.

ఒకరోజు కింద నుంచి పొగలు కక్కే చాయ్ గ్లాసు తెప్పించారు. అందులో ఒక స్టీలు చెంచా, వాళ్ల మనవడి వెండి చెంచా వేశారు. నన్ను లేపి రెండూ పట్టుకోమన్నారు. వెండిది వెంటనే చురుక్కుమంది, వదిలేశాను.

"ఏది ముందు కాలింది అమ్మాయ్?"

"వెండి సార్."

"వేడినైనా కరెంటునైనా దానంత బాగా మోసే లోహం ఇంకోటి లేదు. తీగలకి రాగి వాడుతున్నామంటే అది చవక గనక."

ఇంత చెప్పిన మనిషి నోట్సులో, లోహాల పేజీలో, అత్యుత్తమ విద్యుత్ వాహకం అన్నదాని ఎదురుగా రాగి అని ఉంది. ఆయన చేత్తో రాసిందే. తీగల గురించి ఆలోచిస్తూ రాసేశారేమో. ఆ నోట్సే అశోక్‌నగర్‌లో అన్ని జిరాక్స్ షాపుల్లోనూ దొరికేది. ఆ ప్రశ్న మా పరీక్షలో వచ్చింది. నాకు ఒక్క మార్కు తేడాతో ఉద్యోగం చేజారింది.

ఫలితాలు వచ్చిన సాయంత్రం నోట్సు తిరగేస్తుంటే ఆ లైను కంటబడింది. నేను చదివింది ఇదే, పెట్టిందీ ఇదే అయి ఉంటుంది అనుకున్నాను. సరిచూసుకునే ఓపిక లేదు. ఎవరి మీదో ఒకరి మీద పడి ఏడవాలి. అప్పట్లో మేముండే అంబర్‌పేట నుంచి ఆటోలో వెళ్లి, వాళ్ల గుమ్మంలో నిలబడి, వాళ్లావిడ ముందే, "మీ నోట్సు వల్ల నా ఉద్యోగం పోయింది సార్" అన్నాను. ఆయన కళ్లజోడు పెట్టుకుని ఆ లైను చదివారు. మళ్లీ చదివారు. "తప్పు నాదేనమ్మా" అన్నారు.

మర్నాటి సంగతి జిరాక్స్ అన్న చెప్పాడు. "సార్ పొద్దుగాల్నే వచ్చి కూసుండు అక్కా. కొత్తది టైప్ చేపిస్త అంటే ఇనలే. ఉన్న కాపీలన్ని ఒక్కొక్కటి తీసి ఎర్ర పెన్నుతోని దిద్దిండు. గట్లనే షాపు షాపుకు పోయిండు." అప్పుడు నాకు కొంచెం తృప్తిగా అనిపించింది. అది తలుచుకుంటే ఇవాళ నా మీద నాకే అసహ్యం వేస్తోంది.

మరుసటి నోటిఫికేషన్‌లో ఉద్యోగం వచ్చింది. నాలుగేళ్ల కిందట బర్కత్‌పురాకి ఇల్లు మారుతుంటే, ఆ పాత పరీక్ష ప్రశ్నపత్రం, దానికి పిన్ను కొట్టి నా ఓఎంఆర్ షీటు కార్బన్ కాపీ దొరికాయి. ఊరికే ఆ ప్రశ్న చూశాను. నేను దిద్దిన గడి వెండిది. నోట్సులో రాగి అని చదివి కూడా, హాల్లో కూర్చున్నాక నా వేళ్లకి ఆ చెంచా గుర్తొచ్చి ఉంటుంది. మార్కు పోయింది ఇంకో ప్రశ్నలో, నా తొందరపాటు వల్ల. ఆయన పాఠం నాకు మార్కు తెచ్చిపెట్టింది. నేనేమో వెళ్లి ఆయన్నే నిలదీశాను.

ఆ రోజే పరుగెత్తాల్సింది. వెళ్లలేదు. మొదట సిగ్గు, తర్వాత బద్ధకం, ఆ తర్వాత ఆయన ఎప్పుడో మరిచిపోయి ఉంటారులే అన్న ధీమా. రోడ్డు మీద కనబడితే "బావున్నావా అమ్మాయ్" అనేవారు. బావున్నాను సార్ అని తప్పుకునేదాన్ని.

ఇవాళ వెళ్లాను. హాల్లో, ఫ్రీజర్ బాక్సులో ఉన్నారు. వైజాగ్ నుంచి కూతురు బయల్దేరిందట. జిరాక్స్ అన్న కుర్చీలు వేస్తున్నాడు. ఇల్లంతా మామూలుగానే ఉంది, ఆయన తెచ్చిన పాల ప్యాకెట్ ఇంకా బల్ల మీదే ఉంది. నాకు ఏదీ తలకెక్కడం లేదు.

వాళ్లావిడ నన్ను చూడగానే గుర్తుపట్టారు. "నువ్వు ఆ రోజు నోట్సు పట్టుకొచ్చిన అమ్మాయివి కదూ" అన్నారు. గొంతులో నిష్ఠూరం లేదు. "నువ్వొచ్చి వెళ్లాక ఆయన లోహాల పాఠం మానేశారమ్మా. మిగతావన్నీ చెప్పేవారు. అదొక్కటీ ఇంకో సార్‌కి అప్పజెప్పేశారు. ఒక పిల్ల బతుకు పాడుచేశాను, ఇంక ఏ మొహం పెట్టుకుని చెప్పను అనేవారు."

నేను నిలదీసి ఎనిమిదేళ్లయింది. ఎన్ని బ్యాచులు ఆ సంచి చూడకుండానే వెళ్లిపోయాయో. అందులో నాలుగేళ్లు, నేను ఒక్క మాట చెప్పి ఉంటే సరిపోయేది.

అక్కడే చెప్పేశాను. "నేను వెండే పెట్టానమ్మా. సార్ తప్పేం లేదు. మార్కు వేరే చోట పోయింది. నాకు నాలుగేళ్ల నుంచి తెలుసు, చెప్పలేదు." తిడతారనుకున్నాను. తిడితే బావుండేది.

ఆవిడ లేచి బాక్సు దగ్గరికి వెళ్లారు. పైన అద్దం చెమర్చి ఆయన ముఖం సరిగా కనబడటం లేదు. కొంగుతో తుడిచి, ఆయన చెవి ఉన్న వైపుకి వంగారు.

"ఏవండీ, ఆ అమ్మాయి వెండే పెట్టిందట. మీ వల్ల పోలేదట."

ఈ మధ్య ఆయనకి సరిగా వినబడటం లేదని పక్కన ఎవరో అన్నారు. ఆవిడ ఇంకొంచెం వంగి, ఇంకొంచెం గట్టిగా, మళ్లీ చెప్పారు.