మొగం పడలేదన్నా

మొన్న మా పక్కింటి పిల్లవాడు కరాటే నేర్చుకునేచోట చెయ్యి విరగ్గొట్టుకుని, పుత్తూరు కట్టు కట్టించుకుని వచ్చాడు. తిరుపతిలో ఇన్ని ఆసుపత్రులుండగా వాళ్ల తాత పట్టుబట్టి పుత్తూరికే తీసుకుపోయాడట. మెట్ల మీద వాడు ఎదురుపడగానే ఆకుపసరు, కోడిగుడ్డు సొన, కొత్తగుడ్డ కలిసిన పచ్చివాసన ముక్కుకు తగిలి, కూరగాయల సంచితో అక్కడే నిలబడిపోయాను. అది మా నాయన వాసన. ఊళ్లో అందరి నాయనల దగ్గరా చెమట వాసనో, బీడీ వాసనో, దుక్కి మట్టి వాసనో వస్తుంటే, మా నాయన దగ్గర మాత్రం కట్టు వాసన వచ్చేది.

మాది కార్వేటినగరానికీ పుత్తూరుకూ నడుమ కొండ వాలున ఉన్న చిన్న ఊరు. మా తాత కర్రసాము నేర్పేవాడు. చెనక్కాయలు పీకడం అయిపోయి, కళ్లాలు ఖాళీ అయి, వాన తెరిపిచ్చిన సాయంత్రాల్లో, తడిమట్టి వాసనా కాలుతున్న చెనక్కాయల వాసనా ఒకదాన్నొకటి తోసుకుంటూ వస్తుంటే, కళ్లంలో కర్రలు టకటకమని తగులుకునే చప్పుడు మా ఇంటి వసారాలోకి వినిపించేది. తాతకు ఇద్దరు కొడుకులు. పెద్దవాడు మునస్వామి మా నాయన. మాట తక్కువ, ఒళ్లు మాత్రం గాలిలో చెప్పినట్టు వినేది. చిన్నవాడు చెంగల్రాయుడు మా చిన్నాయన. కర్ర తిప్పడం కంటే తిప్పేవాళ్లను చూడటం ఆయనకు ఇష్టం. కళ్లం చుట్టూ తిరుగుతూ ఓసారి గడ్డివాము ఎక్కి, ఓసారి నేల మీద పడుకుని చూసేవాడు. "ఆడ కాదన్నా, ఈ పక్కకు తిరిగి కొట్టు, కర్ర మెరస్తాది" అనేవాడు. తాత విసుక్కునేవాడు. "కొట్లాట సూసేదానికా, కొట్టేదానికా?"

ఆ చూపే చిన్నాయనను మద్రాసుకు తీసుకుపోయింది. మొదట దెబ్బలు తిని పడిపోయే గుంపులో ఒకడిగా, తర్వాత ఫైటు మాస్టరుకు సహాయకుడిగా చేసి, చివరకు తానే మాస్టరయ్యాడు. చైనా సినిమాల్లో కాళ్లతో తన్నే పద్ధతినీ మా తాత కర్రసామునూ కలిపి ఆయన కూర్చిన కొట్లాటలు జనానికి నచ్చాయి. తాను కుదురుకోగానే మా నాయనను పిలిపించుకున్నాడు. హీరో దూకాల్సిన చోట నాయన దూకేవాడు, హీరో గుర్రం మీంచి పడాల్సిన చోట నాయన పడేవాడు.

అన్నదమ్ములిద్దరూ గంగ జాతరకు తప్పకుండా వచ్చేవాళ్లు. ఎండలు మాడ్చేసే ఆ రోజుల్లో అమ్మ అంబలి కాచి కొత్తకుండలో చల్లార్చేది, ఉల్లిపాయలు తరిగిపెట్టేది, అవ్వ ఓళిగలకు పూర్ణం రుబ్బుతూ కూనిరాగం తీసేది. మేం తోతాపురి కాయలు చెట్టు కిందే చీరి, ఉప్పూకారం అద్దుకుని పళ్లు పులిసేదాకా తినేవాళ్లం. బస్సు దిగిన నాయన ఒంటి మీద ఎక్కడో ఒకచోట కట్టు ఉండనే ఉండేది. అమ్మ పెనం మీద రాళ్లుప్పు వేడి చేసి, మూట గట్టి కాపడం పెడుతూ గొణిగేది. "వాళ్లు మేకప్పు ఏసుకోను, నువ్వు ఎముకలు ఇరగ్గొట్టుకోనా?" నాయన నవ్వి ఊరుకునేవాడు. సాయంత్రం పిల్లలందరం చెరకు గడలు పట్టుకుని, నోటితోనే దెబ్బల చప్పుళ్లు చేసుకుంటూ కొట్లాటాడేవాళ్లం. ఓడిపోయినవాళ్ల గడను గెలిచినవాళ్లు నమిలేవాళ్లు.

చిన్నాయన పనిచేసిన సినిమా పుత్తూరు కొట్టాయికి వస్తే ఇంటిల్లిపాదీ పోయేవాళ్లం. తాటాకు కప్పు, ఇసుక నేల, ప్రొజెక్టరు కంటే గట్టిగా తెర వెనక అరిచే కప్పలు. నాయన ముఖం తెర మీద ఎప్పుడూ కనిపించదు. దూకింది హీరోయే అని జనం నమ్మాలి కాబట్టి నాయనను వెనకనుంచే తీస్తారు. నేను మాత్రం ఆ వీపును ఇట్టే పట్టేసేదాన్ని.

"అద్దో, మా నాయన!" అని లేచి నిలబడి అరిచేదాన్ని.

"యాడమ్మే?" అని వెనకవాళ్లు నవ్వేవాళ్లు.

"ఆ యీపు మా నాయందే!"

పక్కన అమ్మ కళ్లు గట్టిగా మూసుకుని ఉండేది. "పడినాడా? లేసినాడా?" అని నన్నే అడిగేది. లేచాడని చెప్పాకే కళ్లు తెరిచేది.

నేను మూడో తరగతిలో ఉండగా చిన్నాయన డైరెక్టరయ్యాడు. కర్రసాము వాళ్ల కథ, తానే అల్లుకున్నది. మా ఊరి పైన శిథిలమైన పాతకోట గోడ దగ్గరే చివరి కొట్లాట తీస్తానన్నాడు. ఆ కబురు చెప్పడానికి వచ్చినరోజు సంగటి ముద్ద ఊరుబిండి పచ్చడిలో అద్దుకుంటూ, పళ్లెం మీంచి తల ఎత్తకుండా అన్నాడు: "వొదినా, ఈ సినిమాలో అన్న ఎవురికీ డూపు కాదు. గురువు యేసం అన్నదే. అన్న మొగం ఊరంతా సూడాల."

అమ్మ పోపు మాడిపోయేదాకా పొయ్యి దగ్గర అట్లాగే కూర్చుంది.

షూటింగు రోజు ఊరు ఊరంతా కొండ మీదే ఉంది. అమ్మ పెళ్లినాటి పట్టుచీర కట్టుకుని, తలలో కనకాంబరాలు పెట్టుకుని వచ్చింది. నాయనకు తెల్లగడ్డం అంటించారు. గోడ మీంచి దూకాలి. కింద అట్టపెట్టెలు పేర్చి, పైన పరుపులు వేశారు. నాయన కిందికి చూసుకుని, అలవాటైన పద్ధతిలో ఒళ్లు ముడుచుకుని దూకాడు. పరుపుల మధ్య పడి, లేచి, గడ్డం సర్దుకున్నాడు. జనమంతా చప్పట్లు కొట్టారు. నేను గంతులేశాను.

చిన్నాయన కెమెరా మనిషితో ఏదో మాట్లాడి, మెల్లగా నాయన దగ్గరకు వచ్చాడు. "బాగుండాది గానీ, మొగం పడలేదన్నా. తల దించుకున్నావు. ఇంకోతూరి దూకుతావా?"

"దానికేముందిరా" అన్నాడు నాయన. అమ్మ వైపు చూసి, కొంచెం సిగ్గుపడ్డట్టు నవ్వాడు.

నలిగిన పెట్టెలు తీసి కొత్తవి పేర్చారు. నాయన మళ్లీ గోడ ఎక్కాడు. ఈసారి తల దించలేదు. గడ్డం ఎత్తి, కళ్లు కెమెరా వైపే నిలిపి అడుగు ముందుకు వేశాడు. గోడ అంచు రాయి కాలి కింద కదిలింది. పడాల్సిన చోటికి ఇవతలగా, పెట్టెలకు అందకుండా, బండ మీద పడ్డాడు. ఎవరూ అరవలేదు. అది కూడా సినిమాలో భాగమే అనుకున్నారు. అమ్మ ఒక్కతే పరుగెత్తింది.

తిరుపతికి తీసుకుపోతున్న వ్యాన్లో, వడమాలపేట రాకముందే, నాయన పోయాడు.

కర్మంతరం దాకా చిన్నాయన ఇంట్లోకి రాలేదు. మేకల కొట్టం దగ్గర కూర్చునేవాడు, అన్నం పెడితే ముట్టేవాడు కాదు. ఆఖరుకు అమ్మే పోయి ఎదురుగా నిలబడింది. ఆయన ఆమె కాళ్ల మీద పడ్డాడు.

"నేనే సంపినాను వొదినా. బాగొచ్చినదాన్ని ఇంకోతూరి అన్నాను."

"లెయ్" అంది అమ్మ. "పట్టుచీర కట్టుకోని వచ్చింది నేను గాదా? మొగం సూడాలని నాకు మాత్రం లేకపాయనా?"

ఇద్దరూ ఆ కొట్టంలో, మేకల మధ్య కూర్చుని ఏడ్చారు. నేను గడప మీంచి చూస్తూ, నాయన ఎప్పుడు లేస్తాడో చెప్పమని నన్నెవరూ అడగరేమని అనుకున్నాను.

ఆ రీలు వాడొద్దని చిన్నాయన నిర్మాతను బతిమాలాడు. నిర్మాత ఒప్పుకోలేదు. అంత సహజంగా మళ్లీ రాదన్నాడు. చిన్నాయన మిగతా సినిమా తీయనని వచ్చేస్తే, వేరొకరితో పూర్తి చేయించి, పేరు కూడా అతనిదే వేశారు.

సినిమా పుత్తూరుకు వచ్చినప్పుడు అవ్వ ఎంత వద్దన్నా వినకుండా అమ్మ నన్ను వెంటబెట్టుకుని పోయింది. ఇసుకలో, ఆడవాళ్ల వైపు, ముందు వరసలో కూర్చుంది. గోడ మీద నాయన కనిపించగానే నేను కళ్లు మూసుకున్నాను. అమ్మ మూసుకోలేదు. చుట్టూ ఈలలు, చప్పట్లు, "సూడ్రా, ఎట్ల పడినాడో!" అని కేకలు. వాళ్లకేం తెలుసు? అమ్మ చెయ్యి నా మణికట్టు మీద బిగుసుకుని, తెర మీద ఇంకో దృశ్యం వచ్చాక గానీ వదల్లేదు.

ఇంటికి నడిచి వస్తూ అమ్మ ఊరి మలుపు దగ్గర ఆగి, చీర కొంగుతో ముక్కు తుడుచుకుని అంది: "మొగం బాగా పడింది పాపా."

చిన్నాయన మద్రాసుకు మళ్లీ పోలేదు. ఎందరో కారేసుకుని వచ్చి పిలిచారు. కర్ర ఎత్తుకోలేదు, పెళ్లీ చేసుకోలేదు. మా మామిడితోట చూసుకుంటూ, నన్ను చదివించి, టీచరును చేశాడు. అమ్మ పోయినప్పుడు తల కొరివి ఆయనే పెట్టాడు. ఇప్పుడు తిరుపతిలో నా దగ్గరే ఉన్నాడు. చూపు తగ్గింది, టీవీలో కొట్లాట వస్తే ఇప్పటికీ లేచి బయటికి పోతాడు.

ఆ కొట్టాయి పోయి కల్యాణమండపం వచ్చింది. కళ్లాలు పోయాయి, సాము నేర్చుకున్నవాళ్లు ఒక్కొక్కరే పోయారు. సినిమా కూడా ఎక్కడా లేదు. ఫోన్లో వెతికితే అందులోని ఒకటి రెండు పాటలు వినిపిస్తాయి, బొమ్మ ఉండదు. ప్రింటు ఎప్పుడో పాడైపోయిందని మద్రాసులో ఎవరో చెప్పారు.

ఈ వేసవిలో, అడగక అడగక, ఒకసారి కొండ మీదికి తీసుకుపొమ్మని చిన్నాయన అడిగాడు. ఆటోలో పోయాం. పాతకోట గోడ లేదు. వాలంతా చదును చేసి, ప్లాట్లు వేసి, తెల్లసున్నం కొట్టిన రాళ్లు పాతారు. బండలు కూడా పగలగొట్టి తీసుకుపోయినట్టున్నారు. చిన్నాయన కళ్ల మీద చెయ్యి అడ్డం పెట్టుకుని చాలాసేపు అటూ ఇటూ చూశాడు.

"ఈడే గదా పాపా?"

"తెలీదు చిన్నాయనా."

"ఆడనేమో?"

నాకు నిజంగానే తెలియలేదు. ఆయన వంగి, చెప్పులు విప్పి చేతిలో పట్టుకున్నాడు. ఏ చోటో తెలియదు గనుక ఎక్కడా చెప్పుకాలు పెట్టకూడదనుకున్నాడేమో, మిట్టమధ్యాహ్నం ఎండలో, ఆ ప్లాట్లన్నిటి మధ్యా ఈ కొసనుంచి ఆ కొసదాకా ఉత్తకాళ్లతో నడిచాడు.