నాపరాళ్ల గనిలో ఇరవై ఆరు రోజులు

తాండూరులో చాలా ఇళ్ళల్లో పెళ్ళి వీడియోకు తారిఖ్‌నే పిలుస్తారు. అతను ఒకప్పుడు సినిమా తీశాడంటే నమ్మేవాళ్ళు మాత్రం తక్కువ.

తండ్రి యూసుఫ్ నాపరాళ్ల గనిలో బండలు కొట్టి బతికాడు. కొడుకు ఆ దుమ్ములోకి రావద్దని, పదో తరగతి కాగానే శంకరప్ప ఫోటో స్టూడియోలో పనికి పెట్టాడు. అక్కడ కెమెరా నేర్చుకుని తారిఖ్ హైదరాబాదు పోయాడు. పదకొండేళ్ళు, అందరూ పెద్దాయన అని పిలిచే ఒక పేరున్న కెమెరామన్ దగ్గర సహాయకుడు. నటుడు కదిలేకొద్దీ బొమ్మ మసకబారకుండా లెన్సు తిప్పడం అతని పని. పెద్దాయన ఒక్కసారి మెచ్చుకున్నదీ లేదు, విడిచిపెట్టిందీ లేదు.

అప్పుడొచ్చింది గని కూలీల సినిమా. రాకేష్ అనే కొత్త దర్శకుడు తాండూరు గనుల్లోనే తీస్తానన్నాడు. మే నెల. బండల మీది ఎండ కళ్ళు తెరవనివ్వడం లేదు. నాలుగో రోజు పెద్దాయన వేరే షూటింగుందని వెళ్ళిపోయాడు. మిగిలిన ఇరవై ఆరు రోజులూ తారిఖే తీశాడు. ఏ పూట ఏ గోతిలోకి వెలుగు దిగుతుందో అతనికి చిన్నప్పటి నుంచి ఎరుకే. తండ్రిని కూడా ఒక షాట్‌లో కూర్చోబెట్టాడు. ముసలాయన దగ్గి, ఊపిరి తీసుకుని, మళ్ళీ సుత్తి అందుకుంటాడు. అది నటన కాదు.

"తెర మీద నీ పేరే వేస్త" అని రాకేష్ అందరి ముందూ మాటిచ్చాడు.

సినిమా విడుదలైన రోజు తారిఖ్ భార్య అతియానూ తండ్రినీ వికారాబాద్ థియేటర్‌కు తీసుకెళ్ళాడు. ఛాయాగ్రహణం అన్నచోట పెద్దాయన పేరు పడింది. తారిఖ్ పేరు చివర్లో, సహాయకుల వరుసలో, అదీ 'తారక్' అని. చదువు రాని యూసుఫ్, నీ పేరొచ్చిందా అని అడిగితే, వచ్చిందన్నాడు తారిఖ్.

ఫోన్ చేస్తే రాకేష్, పెద్దాయన పేరు లేకుంటే సినిమా కొనేవాళ్ళే లేరన్నాడు. తర్వాతి సినిమా నీదేనన్నాడు. ఆ సినిమా రానేలేదు. గని సినిమా ఛాయాగ్రహణానికి పెద్దాయనకు అవార్డు మాత్రం వచ్చింది. తారిఖ్ కెమెరామన్ల సంఘం దగ్గర మొరపెట్టుకుంటే, పేరు వేస్తామని రాసిచ్చిన కాయితం చూపించమన్నారు. కాయితం లేదు. ఫిర్యాదు సంగతి పాకాక పనికి పిలిచేవాళ్ళూ లేకపోయారు. తాండూరు తిరిగొచ్చేశాడు. మరుసటేడు యూసుఫ్ ఊపిరితిత్తుల జబ్బుతో పోయాడు.

పోయిన ఫిబ్రవరిలో వికారాబాద్‌లో ఒక కాలేజీవాళ్ళు పెద్దాయనకు సన్మానం పెట్టి, వీడియోకు తారిఖ్‌ను పిలిచారు. సన్మానం ఎవరికన్నది తెలిసే ఒప్పుకున్నాడు. వేదిక మీద పెద్దాయన ఆ ముసలి కూలీ షాట్ గురించి చెప్పాడు. ఆ మొహం మీద వెలుగు పడేదాకా రెండు గంటలు కాచుకున్నానన్నాడు. పిల్లలు చప్పట్లు కొట్టారు. తారిఖ్ ఆ చప్పట్లు కూడా తీశాడు.

భోజనాల దగ్గర పెద్దాయన గుర్తుపట్టి భుజం మీద చెయ్యేశాడు. "ఈ పనిలోనే ఉన్నావన్నమాట. మంచిది."

"ఆ షాట్‌ల ముసలాయన మా నాయిన, సార్," అన్నాడు తారిఖ్.

"ఎవరు?" అన్నాడు పెద్దాయన. అంతలో ఎవరో ఫోటోకు పిలిస్తే అటు తిరిగాడు.

ఇంట్లో అతియా సంగతంతా విని, మైకు గుంజుకుని అందరికీ ఎందుకు చెప్పలేదని నిలదీసింది.

"చెప్తే ఏమయితది? పిచ్చోడు అనుకుంటరు."

కనీసం ఆ మాటలున్న ముక్కన్నా కోసెయ్యమంది. అతను కొయ్యలేదు. మొత్తం పెన్‌డ్రైవ్‌లో వేసి మరునాడే కాలేజీలో ఇచ్చి వచ్చాడు. బొమ్మ చాలా బాగా వచ్చిందని ప్రిన్సిపాల్ మెచ్చుకున్నాడు.